మా ఆయన చదివిన ఉత్తరం

అరవై దాటినాక అక్షరాలు నేర్చుకున్నాను. తప్పులుంటే దిద్దుకొని చదవండి. ఈ ఒక్క పేజీ రాయడానికి నాకు తొమ్మిది రోజులు పట్టింది.

సూలూరు దగ్గర మిల్లు లైను ఇంట్లో ఉండేవాళ్లం. మా ఆయన రంగసామి మిల్లు వర్క్‌షాపులో వెల్డరు. దినమూ పొద్దున్నే టీ కొట్టుకు పోయి, పేపరు చూసి వచ్చి, లోకంలో వార్తలన్నీ నాకు చెప్పేవాడు. నడుమ ఏదైనా అడిగితే, "నీకేం తెలుస్తుందే, వేలిముద్ర సౌందరం!" అని నవ్వేవాడు. చదువుకున్న మొగుడని నాకూ గొప్పగానే ఉండేది.

ఒకసారి సర్కారు ఆఫీసర్లు ఇద్దరు వచ్చి, ఆయన చేత రెండు ఇనుప పలకలు అతికించి, ఆ అతుకును ఎక్స్‌రే తీసి చూసినారు. వెంట్రుకంత సందు కూడా లేదంట.

"విశాఖపట్నంలో పనే! నీళ్ల కింద నెలల తరబడి తిరిగే ఓడ. అణుశక్తితో నడుస్తుందంట. ఎవరితోనూ అనబాక," అని ఆ రాత్రి ఆయన నాకు చెప్పినాడు.

నేను అనలేదు. చేసింది వేరే.

అప్పుడు మిల్లులో సమ్మె. సమ్మె చేసేవాళ్లను పట్టుకుపోవడానికి మఫ్టీ పోలీసు వచ్చి మగవాళ్లను గురించి అడిగితే, లైనులో ఆడవాళ్లందరిదీ ఒకే మాట: ఇల్లు వదిలి పోయినాడు. ఒకనాడు మా గుమ్మంలోకీ ఒకడు వచ్చినాడు.

"రంగసామి ఎట్లాంటి మనిషి?"

"వాడి పేరెత్తొద్దు సామీ. ఈరోడ్‌లో ఎవర్తినో పెట్టుకొని పోయినాడు. ఆరు నెలలాయె."

వాడు నన్నూ, తలుపు పక్కన నీళ్లు కారుతున్న మగవాడి చొక్కానూ చూసి, ఏదో రాసుకొని పోయినాడు. "బాగా చెప్పినావే!" అని పక్కింటి కన్నమ్మాళ్ మెచ్చుకుంది.

నెల తరువాత విశాఖపట్నం నుంచి పొడుగు కవరు వచ్చింది. ఆయన చింపుతూ, "మనిషి మంచివాడా కాదా అని పోలీసు ఇంటికొచ్చి విచారిస్తాడంట గదే, వచ్చినాడా?" అన్నాడు.

ఆ వచ్చినవాడు సమ్మె కోసం వచ్చిన పోలీసు కాదని అప్పుడు తెలిసింది. ఏడుస్తూ అంతా చెప్పేసినాను.

ఆయన కాగితం కేసి చాలాసేపు చూసినాడు. పెదాలు కదిలినాయి. మడిచి పెట్టెలో వేసినాడు.

"నువ్వు చెప్పిందే రాసినారు. పని లేదన్నారు. ఎవరికీ చూపించబాక, మానం పోతుంది."

"ఆండియప్పకు కూడానా?" ఆండియప్ప మిల్లులో టైమ్‌కీపరు, ఆయనకు ప్రాణస్నేహితుడు.

"వాడికి అసలే వద్దు."

నన్ను ఒక్క మాట తిట్టలేదు. తిట్టి ఉంటే బాగుండేది. ఎన్నో ఏళ్లకు ఆ ఓడను నీళ్లలోకి దింపినారని టీవీలో చెప్పినారు. "ఒక్క అతుకైనా నాది ఉండేది" అన్నాడు. నేను వంటింట్లోకి పోయి నిలబడినాను.

ఆయన పోయినాక నేను అక్షరాలు నేర్చింది ఒక్కదానికే. నన్ను గురించి ఏమి రాసినారో నా కళ్లతో చూడాలి. పెట్టె తెరిస్తే అంతా ఇంగ్లీషు. సిగ్గు చంపుకొని ఆండియప్ప దగ్గరికే తీసుకుపోయినాను.

అద్దాలు పెట్టుకొని చదివినాడు. మళ్లీ చదివినాడు.

"అక్కా, ఇది చేరమని ఆర్డరు. పదిహేను రోజుల్లో కుటుంబంతో రమ్మన్నారు."

"కాదు. ఆయనే చదివి చెప్పినాడు."

ఆండియప్ప అద్దాలు తీసినాడు.

"వాడికి చదువెక్కడిదక్కా? దినమూ పేపరు నేను చదివితే, విని వచ్చి నీకు చెప్పేవాడు."

సౌందరం, అరవై ఏడేళ్లు. ఇప్పుడు ఉండేది అవినాశిలో, కూతురి ఇంట్లో.