కుటుంబానికి మాత్రమే

జూన్ 9. బట్టలు ఉతికాను, చాపలు దులిపాను, కసావా దుంపలు ఉడికించాను. తర్వాత మా ఊరి లైబ్రరీలో కేటలాగు రాసే మేరెవాయి మీదికి తగవుకు వెళ్లాను.

పోయిన తమ్ముడి మీద అమ్మ కట్టిన పాట టేపు అక్కడుంది. కేటలాగులో దాని పేరు కింద "కుటుంబానికి మాత్రమే" అని రాయించింది నేనే. నిన్న సూవా పట్నంలో పిల్లలతో భోంచేస్తుంటే హోటల్ పాటగాళ్లు అదే పాడారు.

"స్నేహితురాలివని నీ చేతిలో పెడితే, ఆ మాట కొట్టేశావటే?"

"తిట్టేదేదో కూర్చుని తిట్టు. కొట్టేయమన్నది మీ అమ్మే. పోయే ముందు వచ్చింది. 'నా కూతురు దాన్ని తాళంలో పెట్టుకుంది. ఎవరో ఒకరు పాడనీ' అంది. నీకు చెప్పొద్దని ఒట్టు వేయించుకుంది."

అమ్మ నన్ను నమ్మలేదు.

మా పిల్లలు ఆ పాట మొదటిసారి విన్నది హోటల్లోనే.