మంజిష్ఠ తిన్న కోడి

“ఈ మాటని పగక్కూడా వాడొచ్చా పంతులుగారూ?” గంగాళంలో కాగుతున్న ఎర్రనీళ్లను కర్రతో కలుపుతూ అడిగింది రంగులక్క.

నిఘంటువు పంతులు కళ్లజోడు సర్దుకున్నాడు. శాలువాకు రంగు వేయించుకుందామని వచ్చిన మనిషి, ‘మంజిష్ఠ’ అన్న మాట చెవిన పడగానే వచ్చిన పని మర్చిపోయి అర్థాలు మొదలుపెట్టాడు. వీధివాళ్లు ఆయనకు ఆ పేరు ఊరికే పెట్టలేదు.

“మంజిష్ఠ అంటే ఒక తీగమ్మా. దాని వేరులోంచి తీసే ఎరుపుకీ అదే పేరు. పూర్వం ప్రేమల్ని రంగులతో పోల్చేవాళ్లు. కుసుంభపువ్వు రంగులాంటి ప్రేమ మెరుస్తుంది గానీ పోతుంది. నీలిలాంటిది పోదు గానీ పైకి మెరవదు. మంజిష్ఠ ఉందే, అది మెరుస్తుంది, పోదు కూడా. పగకి వాడినట్టు మాత్రం నేనెక్కడా చదవలేదు.”

“అయితే నా పేరున రాసుకోండి. ఎలా వాడాలో త్వరలోనే చూపిస్తా. కబురు చేసినప్పుడు రండి.”

పగ ఎవరి మీదో ఆయన అడగలేదు. ఒకే ఇంటికి మధ్యలో గోడ కట్టుకున్న తోటికోడళ్లిద్దరికీ మూడేళ్లుగా మాటల్లేవని వీధిలో కుక్కలకు కూడా తెలుసు. అప్పట్లో ఎవరో అడిగితే చిన్నది నోరు జారింది, “మా అక్క వేసే ఎరుపు రెండు ఉతుకులకి వెలిసిపోతుంది” అని. ఆ మాట నలుగురి నోళ్లలో నాని, రంగులక్క గిరాకీ సగానికి పడిపోయింది. తనను ఎన్ని తిట్టినా పడేది గానీ, తన ఎరుపును అన్నందుకు ఆమె కడుపు ఇప్పటికీ రగులుతూనే ఉంది.

దానికి తోడు కోళ్లు. గుడ్ల కోసం పెరట్లో పెంచుకుంటున్నవి అప్పుడొకటి, ఇప్పుడొకటి మాయమవుతున్నాయి.

“పిల్లి ఎత్తుకుపోయుంటుందే,” అన్నాడు మొగుడు.

“పిల్లయితే ఈకలు రాలుస్తుంది. ఇది గోడవతల ఉన్న రెండుకాళ్ల పిల్లి.”

“పోనీ, దొంగల పాలయ్యే బదులు ఒకటి మనమే కోసుకుందామా? ఇంట్లో కోడికూర వండి ఎన్నాళ్లయిందో.”

“గుడ్లు పెట్టేదాన్ని ఎవరైనా కోస్తారా? మీ నాలుకకి హద్దు లేదు.”

నోరు కట్టుకోలేక ఆయన అప్పుడప్పుడు హోటల్ నుంచి క్యారియర్ తెచ్చేవాడు. అందులో ఆమెకూ వాటా ఉండేది. “ఆ వంటమనిషి చేతిలో అమృతం ఉందండీ. మీ మరదలూ ఉంది ఎందుకు, ఉప్పెయ్యడం కూడా చేతకాదు,” అంటూ వేళ్లు నాకేది.

రంగుపని చేసేవాళ్లకే తెలిసిన సంగతి ఒకటుంది. మంజిష్ఠ వేరు తింటూ ఎదిగిన కోడికి ఈక మారదు, కండ మారదు, ఎముక మాత్రం ఎర్రబడుతుంది. ఎంత ఉడికించినా ఆ రంగు దిగదు. రంగులక్క కొత్తగా కోడిపిల్లల్ని తెచ్చి, తవుడులో వేరుపొడి కలిపి పెట్టి పెంచింది. మొగుడికి కూడా చెప్పలేదు. ఆయన నోట్లో నువ్వుగింజ నానదు.

ఒక శనివారం సాయంత్రం గూట్లో ఒక కోడి తగ్గింది. కోడి పోయినందుకు అంత సంతోషించిన మనిషి లోకంలో ఇంకొకరు ఉండరు.

మర్నాడు మధ్యాహ్నం గోడవతల నుంచి కూర వాసన గుప్పుమంది. రంగులక్క పంతులుకి కబురు చేసింది. ఆయన్నీ పక్కింటివాళ్లనీ వెంటేసుకుని నేరుగా తోటికోడలి వంటింట్లోకి నడిచింది. “వద్దే, నా మాట విను,” అంటూ మొగుడు వెనకాలే వచ్చాడు.

చిన్నది అప్పుడే కంచం ముందు కూర్చుంది. ఆమె మొగుడు లారీ మీద ఊళ్లు తిరుగుతుంటాడు కాబట్టి ఒక్కతే ఉంది.

“కోడి ఎక్కడిది?”

మూడేళ్ల తర్వాత వినబడిన గొంతుకి చిన్నది ఉలిక్కిపడింది. “కొన్నా... కొన్నానక్కా.”

“అయితే ఎముక చూద్దాం. తెల్లగా ఉంటే నేనీ ఇల్లు వదిలి పోతా. ఎర్రగా ఉంటే నువ్వు పోవాలి. పంతులుగారే సాక్షి.”

“ఎముక ఎర్రగా ఉండటమేంటక్కా?”

రంగులక్క గిన్నెలోంచి ఒక ముక్క తీసి, కండ ఒలిచి, పంతులు కళ్లముందు పెట్టింది. ఎముక దానిమ్మగింజలా ఉంది. వచ్చినవాళ్లు నోళ్లు తెరిచారు.

చిన్నది ఎముకను చూసి, గుమ్మంవైపు చూసింది. గుమ్మంలో నిలబడ్డ బావగారు, ఇంటి పరువు వీధిన పడ్డ పెద్దమనిషిలా తల దించుకున్నాడు.

“నేనే తీశానక్కా,” అంది చివరికి. “ఇంకేమీ అడక్కు.”

“నా ఎరుపు వెలిసిపోతుందన్నావుగా! పొయ్యి మీద ఉడికినా వెలిసిపోలేదు, కళ్లు తెరిచి చూడు!” మూడేళ్లుగా గొంతులో అడ్డుపడ్డ మాట బయటికొచ్చేసరికి రంగులక్కకు ఒళ్లంతా తేలికైంది.

పంతులు ఎముకను అటూ ఇటూ తిప్పి చూశాడు. “పగక్కూడా వాడొచ్చమ్మా,” అన్నాడు. ఆయన నవ్వలేదు.

పొద్దు వాలకముందే చిన్నది పెట్టె సర్దుకుని పుట్టింటికి బయల్దేరింది. బావగారు ఆ పెట్టె మోసుకుంటూ బస్సెక్కించడానికి వెళ్లాడు. రంగులక్క అడ్డు చెప్పలేదు. గెలిచినవాళ్లకి ఆమాత్రం పెద్దమనసు ఉండాలనుకుంది.

అప్పటిగ్గానీ ఆమెకు ఆకలి గుర్తుకు రాలేదు. అలమరలో క్యారియర్ కనబడింది. గొడవలో పడి చెప్పడం మరిచాడు గానీ, ఎప్పుడో తెచ్చి పెట్టినట్టున్నాడు పాపం. కాళ్లు బార్లా చాపుకుని, కడుపులో మంట లేకుండా చాలా రోజులకు అన్నం కలుపుకుంది. కూర ఎప్పటిలాగే అమృతంలా ఉంది. ఆ వంటమనిషి ఎవరో కనుక్కుని, చక్కటి ఎర్ర శాలువా ఒకటి రంగువేసి ఇవ్వాలనుకుంటూ, ముక్క కొరికి ఎముకను కంచం పక్కన పెట్టింది.

అది ఎర్రగా ఉంది.