సన్యాసిరావు గీసిన కొండ

"కోడి లేదు. ఉన్నా ఇయ్యం. ఏంది, మీ అయ్య కట్టేసి పోయిండా ఈడ?" అంది సోమక్క, చేటలో ఇప్పపూలు చెరుగుతూ.

సర్వేయర్ సన్యాసిరావుకి అరికాలి మంట నెత్తికెక్కింది. ఇనపరాయి తవ్వబోయే సర్కారు కోసం బస్తర్ అడవికి పటం గీస్తున్న మనిషాయన. తాను ఊళ్లను కొలుస్తాడు, ఊళ్లు తనను కొలుస్తాయి. కొలత గొలుసుతో ఎక్కడ దిగినా కోడీ, బియ్యం, మంచం సిద్ధంగా ఉండటం ఆనవాయితీ.

"నానెవరో ఎరికేటి? ఆ కొండవతల ఊరోళ్లు కోడి కోసి, కాళ్లు కడిగినారు. పటంలో సుబ్బరంగా చదునునేల మీద ఎట్టినాను. ఏటైంది? జీపులొచ్చీసినాయి, యంత్రాలొచ్చీసినాయి!"

"నీళ్లు గూడ లేవు," అంటూ సోమక్క మొగుడు, పటేల్ ముసలయ్య, ఆయన కళ్లముందే నిండుకుండ నేల మీద కుమ్మరించాడు. గొలుసు కూలీలు కిసుక్కుమన్నారు.

"పటేలూ! నిన్ను పటంలోంచే పీకేస్తాను!"

"పీకు పో."

సన్యాసిరావు గట్టెక్కి పటం గీసే బల్ల వేశాడు. పెన్సిలుతో పాటు పళ్లూ నూరాడు. ఇళ్లున్న చోట నిట్టనిలువు కొండచరియ లేపాడు. పొలాల మీద ఊబి పోశాడు. బండిబాట చెరిపి ముళ్ల అడవి పెంచాడు. బ్రహ్మ నుదుటి మీదే రాస్తాడు, సన్యాసిరావు ఏకంగా ఊరి మీదే రాశాడు. ఆ పైన సిరా దిద్ది, పటం తెచ్చి పటేల్ ముక్కు కింద పెట్టాడు.

"సూసుకో! ఇది కొండ, ఇది ఊబి. రోడ్డేసేవోడు ఇది సూసి అట్నించటే పోతాడు. నీ మనవలకి మనవలు పుట్టినా ఈ ఊరికి జీపు రాదు."

ముసలయ్య మొహం వేలాడేశాడు. "ఇంత పగ ఏంది బాబూ? తుడిపెయ్యరాదా?"

"సిరా! తుడిస్తే పోద్దేటి?"

సోమక్క కొంగులో మొహం దాచుకుంది. భుజాలు అదిరిపోతున్నాయి. ఆ ఏడుపు చూశాక సన్యాసిరావు కడుపు నిండిపోయింది. పట్టపగలు తీరిన పగ! నాలుగు కోళ్లు తిన్నా ఇంత రుచి ఉండదనుకుంటూ బండెక్కాడు.

బండి మలుపు తిరిగింది. పొద్దుటినుంచీ గడ్డివామి చాటున కూర్చుని అంతా చూస్తున్న పక్క ఊరి పటేల్ హడ్మా ఇవతలికొచ్చాడు.

"రేపు మీరు గూడ గిట్లనే తిట్టున్రి," అన్నాడు ముసలయ్య.