సౌండ్ పెంచితే

"ఫోనెత్తవేం? నీకు నేనెక్కువా, ఈ మైకెక్కువా?" అంటూ ఉమాకాంత్ స్టూడియోలోకి దూసుకొచ్చి భార్య జుట్టు పట్టుకున్నాడు.

పరాయిదేశంలోని ఆ ఊళ్లో, కమ్యూనిటీ కాలేజీ రేడియోలో నీరజ చేసే ఆదివారం తెలుగు ప్రోగ్రామ్ అప్పుడే మొదలైంది. మొదటి దెబ్బకు ఆమె పెదవి చిట్లింది. రెండో దెబ్బకు నుదురు వెళ్లి బల్లకు కొట్టుకుంది. కెవ్వుమని అరిచింది.

"అరువు, ఇంకా గట్టిగా అరువు! ఇంట్లో మా అమ్మకే వినపడదు, ఇక్కడెవడికి వినపడుద్ది?"

నిజమే. ఇంట్లో అతని చెయ్యి లేచినప్పుడల్లా అత్తగారు పక్కగదిలో రేడియో సౌండ్ పెంచుకునేది.

చెయ్యి నొప్పిపుట్టేదాకా కొట్టి, రొప్పుతూ ఆగాడు. అప్పుడు కనపడింది నీరజకు, గోడమీద వెలుగుతున్న ఎర్రదీపం. మైకు ఇంకా ఆన్‌లోనే ఉంది.

శ్రోతల ఫోను మోగింది. నెత్తుటి వేలితోనే మీట నొక్కింది. స్పీకర్లో అత్తగారి గొంతు పలికింది.

"అమ్మా, నువ్వు పెట్టేయ్!" అన్నాడు ఉమాకాంత్.

"నీతో కాదురా. అమ్మాయ్, అలవాటుకొద్దీ ఇవాళా సౌండ్ పెంచాను. పెంచినకొద్దీ నీ అరుపే గట్టిగా వినపడింది."

ఆవిడ ఏడుపు దిగమింగుకుంది.

"పోలీసులకి ఫోన్ చేశానమ్మా. కొట్టేదెవరని అడిగారు. మై సన్ అని చెప్పాను."