తలుపు తీసిన ముఖం

ముసలితనంలో అక్షరాలు నేర్చుకున్నదాన్ని. తప్పులు దొర్లితే సర్దుకోండి. నిదానంగా రాశాను, మీరూ నిదానంగానే చదవండి.

"కట్!" అన్నాడు దర్శకుడు డెస్మండ్. "ఎలకను చూసినట్టు అరిచావు రోవీనా!"

సెట్టంతా నవ్వింది. రోవీనా నవ్వలేదు. వయసు యాభై దగ్గరపడ్డాక హాలీవుడ్‌లో ఆమెను పిలిచి వేషమిచ్చినవాడు ఇతనొక్కడే. ఇదీ పోతే ఇక ఫోను మోగదు.

"తలుపు తీస్తే ప్లైవుడ్ గోడ కనిపిస్తోంది. దాన్ని చూసి ఏం భయపడను?"

"మనం సినిమాగా తీస్తున్న నవలలో ఉన్న ఆ జీవిని ఎవడు చూపించగలడు చెప్పు? నక్షత్రాల అవతలి నుంచి వచ్చింది. దానికి మన మీద పగ లేదు, ఆకలి లేదు. అసలు మనమంటూ ఒకళ్ళం ఉన్నామన్న సంగతే దానికి పట్టదు. రబ్బరు బొమ్మను పెడితే హాల్లో ఈలలేస్తారు. అది నీ ముఖంలోనే కనబడాలి."

"ఇంకొక్కసారి చేస్తాను డెస్. నన్ను మాత్రం తీసెయ్యకు."

"తీసేస్తానని ఎవరన్నారు? వెళ్ళి భోంచేసిరా. ఈలోగా తలుపు వెనక ఏదో ఒకటి ఏర్పాటు చేయిస్తాను. టేక్‌లో తప్ప ముందుగా చూడకూడదు."

"రబ్బరుదేనా?"

"చూద్దువుగా."

కెమెరామన్ హాంక్ కన్నుకొట్టాడు. "గుండెజబ్బేమీ లేదు కదా మేడమ్?"

"ఉంటే మీ సినిమాకు ఇంకా మంచిదేగా!" అంది రోవీనా.

భోజనాలయ్యాక దీపాలు తగ్గించారు. డెస్మండ్ చెయ్యి ఊపాడు. ఆమె తలుపు తీసింది.

అరవలేదు. చిరునవ్వులాంటిదేదో పెదాల మీదికి వచ్చి అక్కడే ఆగిపోయింది. మెల్లగా చెంపలు జారాయి. తను ఇంకా అక్కడే ఉన్నదో లేదో తెలియనట్టు, చేత్తో తన భుజాన్ని తడుముకుంది. హాంక్ ఊపిరి బిగబట్టాడు.

"కట్! అదీ ముఖమంటే!" డెస్మండ్ గంతేశాడు. అందరూ చప్పట్లు కొట్టారు.

రోవీనా వేషం కోసం కప్పుకున్న శాలువా తీసి మడతపెట్టింది. "ఇది ఎవరికివ్వాలి?"

"పిచ్చిదానా, రేపు పొద్దున్నే షూటింగుంది. నీ దగ్గరే ఉంచుకో!" డెస్మండ్ పగలబడి నవ్వాడు.

తలుపవతల డెస్మండ్ నిలబెట్టిన పడుచుపిల్ల, అదే వేషంలో, ఇంకా రోవీనా డైలాగులు వల్లె వేస్తోంది.

— కొన్సుయెలో బరాగాన్, డెబ్బై మూడేళ్ళు, బాయిల్ హైట్స్, లాస్ ఏంజలస్