నల్లబట్టల ముసలమ్మ

“ఫ్తూ! ఫ్తూ! ఫ్తూ!”

స్ట్రోలర్‌లో ఉన్న పదినెలల రేణు మీదకి వంగి, ఆ ముసలమ్మ మూడుసార్లు ఉమ్మింది.

అపార్ట్‌మెంట్ లాండ్రీ రూమ్‌లో, డ్రయర్‌లోంచి బట్టలు తీస్తున్న నాగమణి చేతిలోని దుప్పటి జారిపోయింది.

తల నుంచి కాళ్ల దాకా నల్లబట్టలు. మెడలో కన్నులాంటి నీలం పూస. పైగా నవ్వుతోంది. రేణు బుగ్గలకేసి చూపిస్తూ తన భాషలో ఏదో అంటోంది.

“నో! గో!” అని అరిచింది నాగమణి. ఆ క్షణానికి ఆమెకు దొరికిన ఇంగ్లీషు అంతే.

సగం బట్టలు డ్రయర్‌లోనే వదిలేసి ఇంటికొచ్చి పడింది.

పిల్లకి పళ్లొస్తున్నాయి. మూడు వారాలుగా కంటినిండా నిద్ర లేదు. దానికి తోడు ఇదొకటి.

“మన రంగు చూసే కదండీ, పసిపిల్ల మీద ఉమ్మింది?” భర్త ఫణికి ఫోన్ చేసి ఏడ్చింది.

“అపార్ట్‌మెంట్ ఆఫీస్‌లో కంప్లయింట్ ఇవ్వు. నేను మీటింగ్‌లో ఉన్నా.”

ఇచ్చింది. మాటలు చాలక, ఎలా ఉమ్మిందో చేసి చూపించింది. వాళ్లు రాసుకున్నారు.

సాయంత్రం పిల్లని కూర్చోబెట్టి దిష్టి తీసింది.

“మిరపకాయలు కాల్చకే తల్లీ! అలారం మోగితే ఫైరింజన్ వస్తుంది,” అన్నాడు ఫణి.

కళ్లుప్పు గుప్పిట్లో పట్టుకుని మూడుసార్లు తిప్పింది. “ఇరుగు దిష్టి, పొరుగు దిష్టి, ఆ నల్లబట్టల దాని దిష్టి... థూ, థూ, థూ!” అని ఉప్పు సింకులో పోసి నీళ్లు వదిలింది.

ఆమె ఆశంతా సోమవారం మీదే ఉంది.

పదో తరగతి మధ్యలో ఆగిపోయిన చదువు. ఇక్కడి లైబ్రరీలో, అలా ఆగిపోయినవాళ్లని స్కూలు పరీక్షకి తయారుచేసే క్లాసు. ఏడాది ఎదురుచూస్తే సీటు దొరికింది. సోమవారం తొమ్మిదికి వెళ్లకపోతే తర్వాతి వాళ్లకి ఇచ్చేస్తారు.

మరి పిల్లనెవరు చూస్తారు?

“ఆ బెంగ నీకొద్దు. ఒక మనిషిని మాట్లాడాను, సోమవారం ఎనిమిదికి వస్తుంది,” అని మాటిచ్చింది ఎదుటి బిల్డింగ్ శశికళ ఆంటీ. నలభై ఏళ్లుగా అమెరికాలో, ఈ పార్సిప్పనీలోనే ఉంటున్న రిటైర్డ్ డాక్టరు ఆవిడ.

సోమవారం ఎనిమిదికల్లా నాగమణి పిల్లకి తినిపించి, కొత్త నోటుబుక్కు సంచిలో పెట్టుకుని కూర్చుంది.

ఎనిమిదిన్నర. ముప్పావు. ఎవరూ రాలేదు.

ఫోన్ చేసింది.

“నాకూ ఇప్పుడే తెలిసింది, నాగమణీ. ఆవిడ ఇక రాదమ్మా. ఎవరో కంప్లయింట్ ఇచ్చారట. తల్లికి మతి తప్పిందనుకుని, కొడుకొచ్చి నిన్న షికాగో తీసుకెళ్లిపోయాడు.”

“ఎవరాంటీ ఆవిడ?”

“నాలుగో బిల్డింగ్ స్టమాతియా. గ్రీకావిడ. మొగుడు పోయినప్పటి నుంచీ నల్లబట్టలే వేసుకుంటుంది, వాళ్ల ఆచారం. బుధవారం లాండ్రీ రూమ్‌లో మీ పాపని చూసిందట. ‘పిల్ల బంగారం, తల్లే బెదిరిపోయింది, కాస్త చెప్పు’ అంది. సోమవారం ఎలాగూ కలుస్తారు కదా అని నేనూ ఊరుకున్నా.”



“ఉమ్మింది కదాంటీ...”

“ఉమ్మదా మరి? ముద్దొచ్చే పిల్లని చూస్తే మూడుసార్లు అలా అనాలి, లేకపోతే తమ కన్నే తగులుతుందని వాళ్ల భయం. రెండువేల ఏళ్ల నాటి అలవాటట. మనం మాత్రం దిష్టి తియ్యమూ?”

నాగమణి చూపు ఆ రోజు ఉప్పు పోసిన సింకు మీదకి పోయింది.

అవతల శశికళకి అప్పుడు తట్టింది.

“ఆ కంప్లయింట్... నువ్వా, నాగమణీ?”

గోడ గడియారంలో తొమ్మిదైంది. రేణు ఏడుపు మొదలుపెట్టింది. “నేనే ఆంటీ,” అంటూ నాగమణి పిల్లని ఎత్తుకుంది.

శశికళ అలసిపోయిన గొంతుతో అంది.

“యుద్ధంలో బడి మూతపడి రెండో తరగతిలోనే చదువు ఆగిపోయిన మనిషమ్మా ఆవిడ... ఇప్పటికి పదకొండు మంది తల్లులు, పిల్లల్ని ఆవిడ ఒళ్లో పెట్టి ఆ లైబ్రరీ క్లాసుకి వెళ్లబట్టే పరీక్ష పాసయ్యారు.”