నంబరు లేని బండి

తొమ్మిదో ఫొటోలోనూ అదే సైకిలు, అదే గళ్ళ చొక్కా, అదే చిరునవ్వు.

ట్రాఫిక్ కార్యాలయంలో కెమెరా ఫొటోలు చూసి జరిమానా నోటీసులు రాసే గుమాస్తా కళ్ళజోడు తుడుచుకుని మళ్ళీ చూశాడు. పల్లపు వీధి నడిమధ్య ఉంది ఆ కెమెరా. దిగువన బడి. గంటకు ముప్ఫై కిలోమీటర్లు దాటిన ప్రతి బండినీ అది తళుక్కున మెరిసి ఫొటో తీస్తుంది. ఈ పెద్దమనిషి వేగం ముప్ఫై ఆరు. ఎనిమిదిన్నర మొదలు తొమ్మిదింటి దాకా, మూడు నాలుగు నిమిషాల తేడాతో తొమ్మిది ఫొటోలు. అంటే సైకిలు పైకి నెట్టుకెళ్ళి మళ్ళీ మళ్ళీ దిగుతున్నాడన్నమాట. నెల రోజులుగా ఇదే తంతు. సెలవు రోజుల్లో మాత్రం అజాపజా ఉండదు.

జరిమానా వేసి పారెయ్యమన్నాడు పై అధికారి.

"కుదరదండి. ఎర్రదీపం దాటితే వెయ్యొచ్చు, ఎదురు దారిన వస్తే వెయ్యొచ్చు. వేగ పరిమితి మాత్రం మోటారు బండ్లకేనని మన నిబంధన. వేగం చూపే ముల్లే లేని సైకిలువాడికి తానెంత జోరుగా పోతున్నాడో ఎలా తెలుస్తుంది?"

"అంటే, బండికి నంబరు లేదు, మనిషికి పని లేదు, మనకు దిక్కు లేదు."

సోమవారానికల్లా ఈ పీడ వదిలించాలని ఆజ్ఞ అయింది. గుమాస్తాకు పీడకన్నా సందేహం ఎక్కువయింది. పందేనికి సాధన చేస్తున్నాడా? పందెగాడైతే ఇలా నాలుగు నిమిషాల్లో తిరిగొచ్చేలా కెమెరా దాటగానే బ్రేకు వేస్తాడా? ఫొటోలన్నిటినీ భూతద్దంతో పరిశీలించాడు. దాదాపు ప్రతిదానిలోనూ వెనకొక కారు, నమస్కారం పెడుతున్నట్టు ముక్కు నేలకు వంచి ఉంది. ఆ సంగతి కూడా రాసుకున్నాడు గానీ, ఏ సెక్షను కింద చేర్చాలో తోచలేదు.

ఆ సాయంత్రం, బడి ముందు రోడ్డు దాటడానికి ఇంకా భయపడుతున్నావా అని ఆ బడిలోనే చదివే కూతురిని అడిగాడు.

"ఇప్పుడేం భయం లేదు నాన్నా. ఇదివరకు కార్లు రయ్యిమని పోయేవి. ఈ నెల నుంచి రోడ్డు దాటే తెల్లచారల దగ్గర వాటంతటవే ఆగుతున్నాయి."

గుమాస్తా ఛాతీ రెండంగుళాలు పెరిగింది. తన నోటీసుల మహిమేనని భార్యతో చెప్పుకున్నాడు.

"మీ నోటీసు ఇల్లు చేరడానికే రెండు నెలలు పడుతుంది. అది చేరకముందే బుద్ధి వచ్చేసిందా?" అందామె.

సోమవారం పొద్దున్నే మెకానిక్కు వచ్చి, సైకిళ్ళను చూసి మెరవకుండా కెమెరాను సరిచేసి వెళ్ళాడు. కాగితం మీద సంతకం గుమాస్తాదే. చట్టం తప్పలేదు, పీడా వదిలింది. మిగిలిన సందేహం తీర్చుకుందామని ఎనిమిదిన్నరకు పల్లపు వీధిలో నిలబడ్డాడు.

గళ్ళ చొక్కా దూసుకొచ్చింది. కెమెరా కిమ్మనలేదు. సైకిలు ఆగింది. దిగిన మనిషి బడి ఎదుట కొట్టు పెట్టుకున్న దర్జీ. మెడలో కొలతల టేపు ఇంకా వేలాడుతోంది. ఆయన కెమెరా వంక అయోమయంగా చూశాడు.

"ఇక మీ జోలికి రాదు లెండి. సైకిలుకు వేగ పరిమితి లేదు, నేనే మార్పించాను," అన్నాడు గుమాస్తా, కాస్త గర్వంగా. "అయినా ఈ వయసులో రోజూ ఈ పరుగు దేనికండీ? ఫొటోల సరదానా?"

"ఫొటో ఎవరిక్కావాలండీ?"

దర్జీ వెనక్కి తిరిగి ఎగువకు చూశాడు. అక్కడ ఒక కారు మలుపు తిరిగి జోరందుకుంటోంది. దిగువన, చారల అంచున, గుమాస్తా కూతురు తండ్రిని చూసి చెయ్యి ఊపి, రోడ్డు మీదికి అడుగు వేసింది.

"ఆ మెరుపు చూసే కదండీ, కార్లు ఆగేది."